దొడ్డిదారి తెరిచిందెవరు?

కాంట్రాక్టు, ఔట్‌సోర్సింగ్ ఉద్యోగులు ధర్నాకు కూర్చున్న ప్రతిసారీ ఒకే వాదన వినిపిస్తుంది. ఆర్థిక శాఖ ఫైలులో రాసే నోట్‌లో అదే, టీవీ చర్చల్లో మాజీ అధికారుల నోట అదే, పోటీ పరీక్షల కోచింగ్ సెంటర్లలో అదే. చివరికి పక్క సీట్లో కూర్చునే పర్మినెంట్ ఉద్యోగి కూడా అదే అంటాడు. "వీళ్లు పరీక్ష రాసి వచ్చినవాళ్లు కాదు, దొడ్డిదారిన చేరారు. షరతులన్నీ తెలిసే సంతకం పెట్టారు. పర్మినెంట్ చేయమని అడిగే హక్కు వీళ్లకెక్కడిది? ఉమాదేవి కేసులో సుప్రీంకోర్టు ఆ తలుపు ఎప్పుడో మూసేసింది."

ఈ వాదన ఎంతగా పాతుకుపోయిందంటే, కాంట్రాక్టు ఉద్యోగులే దీన్ని నమ్మడం మొదలుపెట్టారు. హక్కుగా అడగాల్సిన చోట దయ అడుగుతున్నారు. మంత్రుల ఇళ్ల ముందు వినతిపత్రాలు పట్టుకుని నిలబడుతున్నారు, ఏదో ఒక జీవో రాగానే నాయకుల ఫొటోలకు పాలాభిషేకాలు చేస్తున్నారు. అందుకే ఈ వాదనను ముక్కముక్కగా విప్పి చూడాలి. దొడ్డిదారి తెరిచింది ప్రభుత్వాలే. ముప్పై ఏళ్లుగా దాన్ని మూయకుండా ఉంచిందీ ప్రభుత్వాలే. శిక్ష మాత్రం ఆ దారిన నడవక తప్పని ఉద్యోగికి పడుతోంది. చట్టం దీన్ని సమర్థించడం లేదు.

ముందుగా ఉమాదేవి తీర్పు సంగతి. 2006 ఏప్రిల్ 10న ఐదుగురు న్యాయమూర్తుల రాజ్యాంగ ధర్మాసనం ఇచ్చిన తీర్పు ఇది. కర్ణాటక వాణిజ్య పన్నుల శాఖలో 1980ల మధ్యలో దినవేతనం మీద చేరి, పదేళ్లకు పైగా పనిచేసినవాళ్లు తమను పర్మినెంట్ చేయాలని కోరారు. కోర్టు ఒప్పుకోలేదు. రాజ్యాంగం 14, 16 అధికరణాల ప్రకారం సర్కారు ఉద్యోగాలు అందరికీ సమాన అవకాశం ఇచ్చి భర్తీ చేయాలంది. తాత్కాలికంగా ఎన్నేళ్లు పనిచేసినా అంతమాత్రాన పర్మినెంట్ హక్కు పుట్టదంది. ఇంతవరకు అందరికీ తెలుసు. చాలామంది చదవడం ఇక్కడితోనే ఆపేశారు.

అదే తీర్పు 53వ పేరా మరో సంగతి చెబుతుంది. మంజూరైన ఖాళీ పోస్టులో, తగిన అర్హతలతో, కోర్టు ఉత్తర్వుల ఆసరా లేకుండా పదేళ్లు అంతకు మించి పనిచేసినవాళ్ల సర్వీసును ఒకసారి చర్యగా క్రమబద్ధీకరించాలని, ఆ పని ఆరు నెలల్లో మొదలుపెట్టాలని కేంద్ర, రాష్ట్ర ప్రభుత్వాలను ఆదేశించింది. మిగిలిన ఖాళీలను రెగ్యులర్ నియామకాలతో నింపాలంది. కేసు ఓడిపోయిన ఆ వాణిజ్య పన్నుల శాఖ ఉద్యోగులను కూడా కోర్టు ఉత్త చేతులతో పంపలేదు. ఆ కేడర్‌లో అట్టడుగు ఉద్యోగికిచ్చే జీతంతో సమానంగా వాళ్లకు చెల్లించాలంది. పోస్టులు భర్తీ చేసేటప్పుడు వయోపరిమితి సడలించి పోటీ పడనివ్వాలని, చేసిన సర్వీసుకు కొంత వెయిటేజీ ఇవ్వాలని చెప్పింది.

అంటే ఆ తీర్పు ఉద్యోగులకు ఒక్క మాట చెబితే, ప్రభుత్వాలకు నాలుగు పనులు అప్పజెప్పింది. ఉద్యోగికి చెప్పిన మాటను సర్కార్లు అక్షరం పొల్లుపోకుండా అమలు చేశాయి. తమకు అప్పజెప్పిన పనులను పక్కన పడేశాయి. ఆరు నెలల గడువు దాటిపోయింది కాబట్టి ఇక ఎవరినీ పరిశీలించక్కర్లేదన్న వాదన కూడా పుట్టుకొచ్చింది. 2010లో ఎం.ఎల్. కేసరి కేసులో సుప్రీంకోర్టు దాన్ని తోసిపుచ్చింది. 2006 నాటికి అర్హులైన ప్రతి ఒక్కరినీ పరిశీలించేదాకా ఆ ఒకసారి చర్య పూర్తికానట్టేనని తేల్చింది. 53వ పేరా ఉద్దేశాల్లో ఒకటి ఏళ్ల తరబడి దినవేతనం మీద నడిపించే అలవాటును శాఖలు మానుకోవడమేనని గుర్తుచేసింది. అర్హత ఉన్న మనిషిని ఖాళీ పోస్టులో పోటీ లేకుండా చేర్చుకుంటే అది క్రమం తప్పిన నియామకమే గానీ చట్టవిరుద్ధ నియామకం కాదని కూడా ఆ తీర్పు వివరించింది. "దొడ్డిదారి" అని అందరినీ ఒకే గాటన కట్టేవాళ్లు ఈ తేడాను ఎన్నడూ ప్రస్తావించరు.

మన దగ్గర ఈ కథ ఇంకా ముందే మొదలైంది. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 1993 నవంబర్ 25 నుంచి అమల్లోకి వచ్చిన 1994 నాటి 2వ నంబరు చట్టాన్ని తీసి చదవండి. అందులో రెండు నిషేధాలున్నాయి. 3వ సెక్షన్ ఇకపై ఏ ప్రభుత్వ సర్వీసులోనూ దినవేతనం మీద ఎవరినీ నియమించకూడదంటుంది. అది ప్రభుత్వానికి పెట్టిన నిషేధం. 7వ సెక్షన్ అప్పటికే అలా పనిచేస్తున్నవాళ్లకు క్రమబద్ధీకరణ కోరే హక్కు ఏ కారణంగానూ ఉండదంటుంది. అది ఉద్యోగికి పెట్టిన నిషేధం. 1994 ఏప్రిల్ 22న ఇచ్చిన 212 నంబరు జీవో, చట్టం అమల్లోకి వచ్చిన తేదీకి ఐదేళ్ల సర్వీసు నిండినవాళ్లకు మాత్రం షరతులతో మినహాయింపు ఇచ్చింది. ఆ గీతకు నాలుగు నెలలు ఇవతల ఉండిపోయినవాళ్లు ఆ తర్వాత కోర్టుల చుట్టూ కాళ్లరిగేలా తిరిగారు.

రెండో నిషేధం మూడు దశాబ్దాలుగా కోర్టుల్లో ప్రభుత్వ న్యాయవాదుల చేతిలో ఆయుధమైంది. మొదటి నిషేధం ఏమైంది? దినవేతనం అన్న పేరు తీసేసి కాంట్రాక్టు అన్నారు, తర్వాత ఔట్‌సోర్సింగ్ అన్నారు, గౌరవ వేతనం అన్నారు, గెస్ట్ అన్నారు, వలంటీర్ అన్నారు. పని అదే, మనిషి అదే, పోస్టు అదే. ఒకే చట్టంలోని రెండు మాటల్లో తనకు వర్తించేదాన్ని తానే దాటవేసి, ఎదుటివాడికి వర్తించేదాన్ని కోర్టులో చదివి వినిపించే పక్షానికి, అవతలివాళ్లను అక్రమంగా వచ్చారని నిందించే నైతిక హక్కు లేదు. తాను చేసిన తప్పుతో తానే లాభపడకూడదన్నది న్యాయశాస్త్రంలో మొదటి పాఠాల్లో ఒకటి.

ఇక "తెలిసే సంతకం పెట్టారు" అన్న వాదన. ఒక ప్రభుత్వ జూనియర్ కాలేజీలో కాంట్రాక్టు లెక్చరర్ ఏడాది ఎలా గడుస్తుందో చూడండి. పోస్టు మంజూరైనదే, ఖాళీగా ఉన్నదే. ప్రకటన చూసి దరఖాస్తు పెట్టింది, పీజీ మార్కుల మెరిట్ మీద ఎంపికైంది. రెగ్యులర్ లెక్చరర్ చెప్పే సిలబస్సే చెబుతుంది. అడ్మిషన్ల కోసం ఎండలో ఊళ్లు తిరుగుతుంది. పరీక్షల్లో ఇన్విజిలేషన్ చేస్తుంది, స్పాట్ వాల్యుయేషన్‌లో పేపర్లు దిద్దుతుంది. ఏడాది తిరిగేసరికి ఆర్డరు గడువు ముగుస్తుంది. రెన్యువల్ ఉత్తర్వు వచ్చేదాకా ఆమె పేరు మీద జీతం బిల్లు ట్రెజరీకి వెళ్లదు. ఈలోగా క్లాసు మాత్రం ఆగదు. ఉత్తర్వు వచ్చాక ఒప్పంద పత్రం ముందు పెడతారు. ఈ నియామకం పూర్తిగా తాత్కాలికమని, దీనివల్ల క్రమబద్ధీకరణ కోరే హక్కు రాదని అందులో ఉంటుంది. ఆమె సంతకం పెడుతుంది. పెట్టకపోతే ఆ నెల ఇంటద్దె ఎవరు కడతారు? పదిహేనేళ్లు వరసగా ఇలా సంతకాలు పెట్టిన మనిషి తన ఇష్టంతో హక్కు వదులుకుందని చెప్పడం న్యాయం కాదు.

మన కోర్టులు కూడా ఆ మాట చాలాకాలంగా చెబుతూనే ఉన్నాయి. నెహ్రూ యువక కేంద్రాల క్యాజువల్ ఉద్యోగుల విషయంలో కేంద్ర ప్రభుత్వం ఇదే వాదన తెచ్చింది. దినవేతనమే వస్తుందని తెలిసే చేరారు కదా అంది. ధీరేంద్ర చమోలీ కేసులో సుప్రీంకోర్టు, ఇది దోపిడీ చేసేవాళ్లు ఎప్పుడూ చెప్పే మాటేనని, సంక్షేమ రాజ్యం నోట ఇది రాకూడదని తోసిపుచ్చింది. 1986లో బ్రజోనాథ్ గంగూలీ కేసులో, బేరమాడే శక్తి లేని మనిషి చేత బలవంతుడు పెట్టించుకున్న అన్యాయమైన షరతు చెల్లదంది. 2016లో పంజాబ్ ప్రభుత్వానికీ జగ్జీత్ సింగ్‌కూ మధ్య నడిచిన కేసులో, తక్కువ జీతానికి ఎవరూ ఇష్టపడి పనిచేయరని, కుటుంబాన్ని పోషించుకోవడానికి ఆత్మగౌరవం చంపుకుని చేస్తారని గుర్తించింది. రెగ్యులర్ ఉద్యోగి చేసే పనే చేసే తాత్కాలిక ఉద్యోగికి ఆ పోస్టు పే స్కేలులో కనీస వేతనం ఇచ్చి తీరాలని తీర్పిచ్చింది.

2024 చివరి నుంచి ఇదే కోర్టు మరింత నిక్కచ్చిగా మాట్లాడింది. 2024 డిసెంబర్ 20న వచ్చిన జగ్గో తీర్పు చూడండి. కేంద్ర జల సంఘం కార్యాలయంలో 1990ల నుంచి ఊడ్చే పని, తోట పని చేస్తున్నవాళ్లు క్రమబద్ధీకరణ కోరుతూ ట్రైబ్యునల్‌కు వెళ్లారు. అక్కడ ఓడిపోయిన కొద్ది నెలలకే, 2018 అక్టోబర్‌లో, నోటీసైనా ఇవ్వకుండా వాళ్లను తీసేశారు. అదే ఊడ్పు పనిని ఔట్‌సోర్సింగ్‌కు ఇచ్చారు. వీళ్లకంటే తక్కువ సర్వీసు ఉన్నవాళ్లను మాత్రం అంతకుముందే పర్మినెంట్ చేశారు. సుప్రీంకోర్టు వాళ్లను తిరిగి పనిలోకి తీసుకుని క్రమబద్ధీకరించమంది. దీర్ఘకాలం పనిచేసినవాళ్ల న్యాయమైన కోరికలను తిరస్కరించడానికి ఉమాదేవి తీర్పును ఆయుధంగా వాడుకుంటున్నారని విచారపడింది. మరుసటి నెలలోనే, ఘాజియాబాద్ నగరపాలక సంస్థ తోట పనివాళ్ల కేసులో, ఏళ్ల తరబడి సాగే శ్రమదోపిడీకి ఉమాదేవి తీర్పు కవచం కాదంది. 2025 ఆగస్టులో ధరమ్ సింగ్ కేసులో ఇంకో అడుగు వేసింది. అధ్యాపకులను ఎంపిక చేయడానికే ఏర్పాటైన ఉత్తరప్రదేశ్ ఉన్నత విద్యా సర్వీసుల కమిషన్ దశాబ్దాలుగా తన కార్యాలయాన్ని దినవేతన సిబ్బందితో నడిపింది. పోస్టులు మంజూరు చేయమంటే ప్రభుత్వం డబ్బు లేదంది. రాజ్యం రాజ్యాంగబద్ధమైన యజమాని అని, అట్టడుగున పనిచేసేవాళ్ల వీపుల మీద బడ్జెట్లు సరిచూసుకోరాదని కోర్టు హెచ్చరించింది. అవసరమైతే అదనపు పోస్టులు సృష్టించి మరీ వాళ్లను క్రమబద్ధీకరించమంది.

ఇన్ని తీర్పుల తర్వాత కూడా "ఉమాదేవి తలుపు మూసేసింది" అని ఫైలు మీద రాసే అధికారి చట్టాన్ని సగమే చెబుతున్నాడు.

ఇప్పుడు అసలైన ప్రశ్నకు వద్దాం. ఏళ్ల తరబడి నోటిఫికేషన్ కోసం ఎదురుచూస్తూ అశోక్‌నగర్ రీడింగ్ రూముల్లోనో అవనిగడ్డ కోచింగ్ సెంటర్లలోనో కూర్చున్న నిరుద్యోగి అడుగుతున్న ప్రశ్న అది. "వాళ్లను పర్మినెంట్ చేస్తే నా పోస్టు పోదా? రిజర్వేషన్ల మాటేమిటి?" ఈ ప్రశ్నను నేను తేలిగ్గా తీసుకోను. కొన్నిచోట్ల ఎమ్మెల్యే సిఫార్సు లేఖతోనో, ఏజెన్సీకి లంచం ఇచ్చో చేరినవాళ్లు ఉన్నారు. దొంగ సర్టిఫికెట్లు పెట్టినవాళ్లూ ఉంటారు. అలాంటి వాళ్ల తరఫున నేను ఒక్క మాట కూడా మాట్లాడను. అర్హత లేని నియామకానికి ఏ చట్టమూ రక్ష కాకూడదు.

కానీ నిరుద్యోగి కోపం ఎవరి మీదికి మళ్లుతోందో ఆలోచించాలి. పోస్టు ఖాళీ అయినప్పుడు నోటిఫికేషన్ ఇవ్వకుండా ఎగ్గొట్టింది లెక్చరర్ కాదు, ప్రభుత్వం. ఒక్కో ఖాళీని చవగ్గా నడిపే దారి చూపించింది ఆర్థిక శాఖ. కాంట్రాక్టు పద్ధతి ఉన్నంతకాలం రెగ్యులర్ నోటిఫికేషన్ అవసరం ప్రభుత్వానికి ఎన్నటికీ రాదు. తాత్కాలికంగా పెట్టుకున్న మనిషికి కూడా స్కేలు ఇవ్వాలి, సెలవు ఇవ్వాలి, భద్రత ఇవ్వాలి అన్న రోజున, తాత్కాలికం వల్ల మిగిలేదేమీ ఉండదు. ఆ రోజే ఖాళీలన్నీ నోటిఫికేషన్‌లోకి వస్తాయి. కాబట్టి కాంట్రాక్టు ఉద్యోగి హక్కు, నిరుద్యోగి హక్కు ఒకదానికొకటి పోటీ కావు. రిజర్వేషన్లకు అసలు దెబ్బ కూడా ప్రైవేటు ఏజెన్సీ చేతుల మీదుగా జరిగే నియామకాల్లోనే తగులుతోంది. ఊడ్చేవాళ్లు, అటెండర్లు, స్టాఫ్ నర్సులు, వార్డు బాయ్‌లు ఎక్కువగా దళిత, బీసీ కుటుంబాల నుంచే వస్తారు. ఒకప్పుడు నాలుగో తరగతి సర్కారు ఉద్యోగం ఆ కుటుంబాల పిల్లలను కాలేజీకి పంపింది. ఆ మెట్టునే తీసేసి, సామాజిక న్యాయం పేరుతో వాళ్ల క్రమబద్ధీకరణను వ్యతిరేకించడం ఎలా సబబు?

తెలంగాణ హైకోర్టు తీర్పును కూడా ఇక్కడ ప్రస్తావించాలి. 2016లో 16వ నంబరు జీవోతో, 1994 చట్టంలో చేర్చిన 10-ఏ సెక్షన్‌తో తెలంగాణ ప్రభుత్వం క్రమబద్ధీకరణకు పూనుకుంది. 2023 ఏప్రిల్ 30న, కొత్త సచివాలయం ప్రారంభించిన రోజున, 5,544 మంది కాంట్రాక్టు ఉద్యోగుల ఫైలు మీద సంతకం జరిగింది. 2024 నవంబర్‌లో హైకోర్టు ఆ సెక్షన్‌ను రాజ్యాంగ విరుద్ధమని కొట్టేసింది. "చూశారా, చెల్లదని తేలిపోయింది" అంటున్నవాళ్లు ఆ తీర్పులో రెండో భాగం చెప్పడం లేదు. ఏళ్ల తరబడి పనిచేసి అప్పటికే పర్మినెంట్ అయినవాళ్ల జోలికి వెళ్లనని అదే కోర్టు చెప్పింది.

ఆ తీర్పు నుంచి నేర్చుకోవాల్సిన పాఠం ఒకటుంది. రెండు తెలుగు రాష్ట్రాలూ గీత గీసింది 2014 జూన్ 2 దగ్గర. తెలంగాణ జీవోలో అదే తేదీ, ఆంధ్రప్రదేశ్ 2023లో చేసిన క్రమబద్ధీకరణ చట్టంలోనూ అదే తేదీ. అది రాష్ట్ర విభజన జరిగిన తేదీ. ఒక ఉద్యోగి ఎన్నేళ్లు పనిచేశాడన్న దానితో దానికి సంబంధం లేదు. పోస్టు మంజూరైందా, అర్హత ఉందా, ఎంపిక ఎలా జరిగింది, సర్వీసు ఎంత అని ఒక్కొక్కరి విషయం విడివిడిగా చూసి, ఆ కారణాలు రాతలో పెడితే అది కోర్టులో నిలుస్తుంది. ఒకే తేదీ పెట్టి, ఎన్నికల ఏడాదిలో గుంపగుత్తగా సంతకం చేస్తే, తర్వాత ఉద్యోగి మెడ మీద కత్తి వేలాడుతూనే ఉంటుంది. కొత్త రాష్ట్రాలకు ఏం చేయాలో సుప్రీంకోర్టు 2018లోనే జార్ఖండ్ కేసులో చెప్పింది. 2000 నవంబర్‌లో పుట్టిన రాష్ట్రంలో 2006 నాటికి పదేళ్ల సర్వీసు ఎవరికీ ఉండే అవకాశమే లేదు. అలాంటి తేదీ పట్టుకుని అందరినీ కాదనడం ఉమాదేవి తీర్పు ఉద్దేశాన్నే దెబ్బతీస్తుందని, క్రమబద్ధీకరణ నిబంధనలు వచ్చిన నాటికి పదేళ్లు నిండాయో లేదో చూడాలని ఆ తీర్పు సారాంశం. మన రెండు రాష్ట్రాల్లో ఎందరు అధికారులు దాన్ని చదివారు?

డబ్బు లేదన్న వాదనకు జవాబు చెప్పడం కష్టం కాదు. 2004 సెప్టెంబర్ 1 తర్వాత చేరిన ఉద్యోగులకు ఇక్కడ పాత పెన్షన్ లేదు, కాంట్రిబ్యూటరీ పెన్షన్ పథకం (సీపీఎస్) మాత్రమే ఉంది. అందువల్ల క్రమబద్ధీకరిస్తే ఖజానా దివాలా తీస్తుందన్న భయం పాత లెక్కల మీద నిలబడింది. ఒడిశా మనకంటే ధనిక రాష్ట్రమేమీ కాదు. 2022 అక్టోబర్‌లో అక్కడి ప్రభుత్వం కాంట్రాక్టు నియామకాల పద్ధతినే రద్దు చేసింది. 57,000 మందికి పైగా ఉద్యోగులను క్రమబద్ధీకరించింది. ఏటా సుమారు 1,300 కోట్ల భారం పడుతుందని చెప్పి మరీ చేసింది.

పని విషయంలో ప్రభుత్వాలు రెండు నాల్కలతో మాట్లాడటం ఇంకా బాధాకరం. 2023 డిసెంబర్‌లో ఆంధ్రప్రదేశ్ అంగన్‌వాడీ కార్యకర్తలు, ఆయాలు సమ్మెకు దిగారు. అది 42 రోజులు సాగింది. జీతం అడిగినప్పుడు వాళ్లు గౌరవ వేతనం మీద పనిచేసే సేవికలు. సమ్మె చేసేసరికి వాళ్లది అత్యవసర సేవ అయిపోయింది, ఎస్మా ప్రయోగించారు. రాజ్యానికి ఒక్కరోజు కూడా ఆగరాని పని చేస్తున్న మనిషి తాత్కాలికం ఎలా అవుతుంది?

ఇక ఉద్యోగులకు ఒక మాట. క్రమబద్ధీకరణ ఆటోమేటిక్‌గా వచ్చే హక్కు కాదన్నది నిజం. కానీ మీకున్న హక్కులు తక్కువేమీ కాదు. సమాన పనికి కనీస స్కేలు మీ హక్కు. మిమ్మల్ని తీసేసి మీ స్థానంలో మరో తాత్కాలిక ఉద్యోగిని పెట్టకూడదని, రెగ్యులర్‌గా ఎంపికైన వ్యక్తి వస్తేనే మీరు తప్పుకోవాలని 1992లోనే పియారా సింగ్ కేసు తేల్చింది. కాంట్రాక్టు గడువు మధ్యలో ముగిసినా ప్రసూతి ప్రయోజనాలు ఆగవని 2023లో సుప్రీంకోర్టు చెప్పింది. అంగన్‌వాడీలకు గ్రాట్యుటీ వర్తిస్తుందని 2022లో తీర్పొచ్చింది. ఔట్‌సోర్సింగ్‌లో ఉన్నవాళ్ల పోరాటం ఎక్కువ కష్టం, ఎందుకంటే కాగితం మీద యజమాని ఏజెన్సీ. అయినా ఆ ఏజెన్సీ ఒప్పందం పేరుకు మాత్రమేనని రుజువైతే అసలు యజమానే బాధ్యుడవుతాడని 2001 నాటి స్టీల్ అథారిటీ తీర్పు దారి ఉంచింది. కాబట్టి మొదటి నియామక ఉత్తర్వు నుంచి ప్రతి రెన్యువల్ కాగితం, హాజరు పట్టీ నకలు, జీతం స్లిప్పు, పీఎఫ్ ఖాతా వివరాలు భద్రపరుచుకోండి. రేపు కోర్టులో మీ సర్వీసుకు సాక్ష్యం అవే.

రెండు ప్రభుత్వాలనూ అడగాల్సింది నాలుగు పనులు. శాఖలవారీగా ఎంతమంది తాత్కాలిక సిబ్బంది ఏ మంజూరు పోస్టులో ఎప్పటి నుంచి పనిచేస్తున్నారో జాబితా బయటపెట్టాలి. పదేళ్లు నిండిన ప్రతి అర్హుడి విషయాన్నీ రిటైర్డ్ న్యాయమూర్తి నేతృత్వంలోని కమిటీ విడివిడిగా పరిశీలించి, కారణాలతో నిర్ణయం రాయాలి. పదేళ్లు నిండనివాళ్లకు రాబోయే నోటిఫికేషన్లలో వయోసడలింపు, సర్వీసు వెయిటేజీ ఇవ్వాలి. నిత్యం సాగే పనికి కొత్తగా కాంట్రాక్టు నియామకాలు ఆపి, ఖాళీలన్నిటికీ ఏటా నోటిఫికేషన్ ఇవ్వాలి. ఇందులో ఒక్కటీ ఉమాదేవి తీర్పుకు విరుద్ధం కాదు. వీటిలో చాలావరకు ఆ తీర్పు 2006లోనే చెప్పినవి. చట్టాన్ని పాటించమని ఉద్యోగికి చెప్పే ముందు ప్రభుత్వాలు తాము పాటించి చూపాలి.